చెప్పబాక

అల్లుతున్న గంపను బోర్లించి
దాని అడుగు మీద ఫోను నిలబెట్టాను.
ఎర్రచుక్క వెలిగింది.
"చెప్పవ్వా, నీళ్ళని మన మాటలో ఏమంటారు?"

అవ్వ ఈతబరికెను పంటితో చీల్చి
ఆ చుక్కకేసి చూసింది.
"ఇది ఎవురికి పోద్ది?"
"ఎవరికీ పోదు. నా దగ్గరే ఉంటది."
"బిట్రగుంట టేషన్లో రైటరూ ఇదే అన్యాడు,
నా యేలు పట్టి సిరాలో ముంచతా."

ఆ రోజుకి అంతే.

మా తిప్ప మీద ఒకప్పుడు
సందేళ గంట కొడితే
మనుషులు వరసగా నిలబడి పేర్లు అప్పజెప్పేవాళ్ళంట.
పేరు తెలుగులో,
ఊపిరి కుర్రులో.
తడికె గుడిసెకి గోడ ఉండదు, మాటే గోడ.
పిల్లకి నడక కంటే ముందు
"చెప్పబాక" నేర్పేవాళ్ళు.

కావలి హాస్టల్లో మా అమ్మ
ఒక రాత్రి నిద్దట్లో కలవరిస్తే
పక్క చాప మీది పిల్ల లేచి
"దొంగల మాట" అనిందంట.
ఆ తర్వాత అమ్మకి
నిద్దట్లో కూడా తెలుగే.
నాకూ అదే తొడిగింది,
ఉతికి ఇస్త్రీ చేసిన తెలుగు.
మా మాటలో నాకొచ్చింది రెండే:
పందుల్ని లెక్కపెట్టడం,
అవ్వా అమ్మా కొట్లాడుకునేటప్పుడు
గాల్లోంచి ఏరుకున్న తిట్లు.

మూడో వారం అవ్వే పిలిచింది.
"రాసుకో" అని నాలుగు మాటలు చెప్పింది.
నాలుగూ పోలీసే.
చెరువుకట్ట మీద కనపడితే ఒకటి,
బావి దాకా వస్తే ఒకటి,
వాకిట్లో లాఠీ చప్పుడైతే ఒకటి.
నాలుగోది
జుట్టు పట్టుకున్నాక అనేది.
దాన్ని పైకి పలకలేదు, పెదాలు కదిలాయంతే.
రికార్డులో అక్కడ
కోడి కూత వినిపిస్తది.

ఆదివారాలు వాటర్ ట్యాంకు నీడలో బడి.
పదకొండు మంది.
తెలుగక్షరాలే వాడుకుంటాం.
ఒక్క సద్దుకి మాత్రం అక్షరం చాల్లేదు,
కింద చుక్క పెట్టాను.
కావలి నించి వచ్చిన కొలప్ప మామ
చుక్క పైనుండాలని గంటసేపు వాదించి
టీ తాగి వెళ్ళాడు.

మేంద్రగుత్తి చెంచయ్య కొడుకు అడిగాడు,
"అక్కా, ఫోనుకి మన మాట ఏంది?"
నాకు తెలీదు.
అవ్వ, తను ఎరుక చెప్పను తిరిగిన ఊళ్ళు తల్చుకుని
కూర్చున్నచోటే ఒకటి పుట్టించింది:
అన్నీ తెలిసినట్టు అబద్ధాలు చెప్పే గంప.
తెలుగులో ఇన్ని మాటలు పట్టింది గానీ
మా దాంట్లో ఒకటే.
పిల్లలు మూడు రోజులు నవ్వారు.

నీళ్ళు మాత్రం ఇయ్యలేదు.

తుఫాను రాత్రి కరెంటు పోయింది.
పంది ఈనతా ఉంది.
అవ్వ బురదలో మోకాళ్ళ మీద కూర్చుని
దానితో మాట్లాడతా ఉంది, కుర్రులో,
నేనెప్పుడూ విననంత పొడుగ్గా,
ఎవరికీ దాచాల్సిన పని లేనట్టు.
ఫోను ఇంట్లో ఛార్జింగ్ లేక చచ్చిపడి ఉంది.
ఊరికే నిలబడలేక బకెట్టు అందుకుని
"తేనా?" అనడిగాను మా మాటలో,
ఏం తేవాలో మాత్రం తెలుగులో అతికించి.

అవ్వ తల తిప్పలేదు.
కసిరినట్టే ఒక మాట అంది,
నా తప్పుని దిద్దతా.
రెండే అక్షరాలు.
బోరింగు దాకా, బోరింగు నించి
దాన్ని నోట్లోనే పెట్టుకుని నడిచాను
తొణక్కుండా.

తర్వాతి ఆదివారం బోర్డు మీద ఏం రాయలేదు.
బిందె నింపి మధ్యలో పెట్టి
గ్లాసు చేత పట్టుకున్నాను.
అడిగినోళ్ళకే.
తప్పడిగితే సగం గ్లాసు.
చెంచయ్య కొడుకు ఏడుసార్లు సరిగ్గా అడిగి
ఏడు గ్లాసులూ తాగి
పొట్ట పట్టుకుని తుమ్మల్లోకి పరిగెత్తాడు,
పోతా పోతా ఏదో అరిచాడు.
మా మాటే.
అవ్వ పడీ పడీ నవ్వింది.

అది నేను నేర్పలేదు.